నడుమ నిలిచిన పొర: యూఎస్‌బీ ఫిల్టర్ డ్రైవర్ల చరిత్ర – ఒక పరిశీలన

ప్రవేశిక:
సూర్యాపేట జిల్లా మోతె వంటి మండల కేంద్రాల్లో పౌరసేవల చరిత్రను సాధారణంగా పథకాల పేర్లతో, ప్రారంభ తేదీలతో చెబుతారు. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో 2011లో మొదలైన మీసేవ అందుకు ఉదాహరణ. అయితే కంప్యూటరుకూ దానికి తగిలించిన వేలిముద్ర యంత్రానికీ నడుమ పనిచేసే డ్రైవర్లకు కూడా ఒక చరిత్ర ఉంది. ఆ చరిత్రను పౌరుని దృష్టితో పరిశీలించడం ఈ వ్యాస లక్ష్యం.

పొరల నిర్మాణం:
యూఎస్‌బీ తొలి ప్రమాణం 1996 జనవరిలో వెలువడింది. విండోస్ 98తో వచ్చిన డ్రైవర్ నమూనాలో ఒకే పరికరానికి పలు డ్రైవర్లను ఒకదానిపై ఒకటిగా పేర్చే వీలు కలిగింది. ప్రధాన డ్రైవర్‌కు పైనగాని కిందగాని చేరి, అటూ ఇటూ సాగే అభ్యర్థనలను చూడగలిగేది, మార్చగలిగేది, ఆపగలిగేది ఫిల్టర్ డ్రైవర్.

లిబ్‌యూఎస్‌బీ-విన్32 అనే స్వేచ్ఛా సాఫ్ట్‌వేర్ ఈ వెసులుబాటును వినియోగించుకుంది. ఉన్న డ్రైవర్‌ను తొలగించకుండానే సాధారణ ప్రోగ్రాములు పరికరాన్ని నేరుగా చేరే మార్గం ఏర్పడింది. కాని దాని పాత రూపాల్లో ఫిల్టర్ ఒక్క పరికరానికి కాక యూఎస్‌బీ పరికరాలన్నింటికీ తగులుకొనేది; కీబోర్డు, మౌసు పనిచేయకుండా పోయిన సందర్భాలున్నాయి. తరువాతి రూపాల్లో దానిని ఎంచుకున్న పరికరానికే పరిమితం చేశారు. విస్టా కాలంలో మైక్రోసాఫ్ట్ విన్‌యూఎస్‌బీని అందించింది. 64-బిట్ విస్టాలో డిజిటల్ సంతకం లేని కెర్నెల్ డ్రైవర్లను నిరాకరించింది.

వేలిముద్ర – విశ్వాసం:
సంతకం డ్రైవర్ కర్తను తెలుపుతుంది; ఆ డ్రైవర్ ఏమి చూస్తుందో తెలుపదు. గుప్తీకరణ లేకుండా కంప్యూటరుకు చేరే వేలిముద్ర, నడుమనున్న ఫిల్టర్‌కు కనిపిస్తుంది. దాని నకలును దాచి తిరిగి పంపే ప్రమాదమూ ఉంది. పాస్‌వర్డ్ బయటపడితే మార్చుకోవచ్చు, వేలిని మార్చుకోలేరు.

నిల్వ చేసిన వేలిముద్రల వాడకాన్ని అరికట్టేందుకు విశిష్ట గుర్తింపు ప్రాధికార సంస్థ 2017లో ఆధార్ ధ్రువీకరణకు రిజిస్టర్డ్ పరికరాలను నిర్దేశించింది. ఎల్0 స్థాయిలో సంతకం, గుప్తీకరణ కంప్యూటరులోని సాఫ్ట్‌వేర్‌లో జరుగుతాయి; ఎల్1 స్థాయిలో పరికరంలోని సురక్షిత భాగంలోనే జరుగుతాయి. మొదటిదానిలో నడుమ పొరను నమ్మక తప్పదు. రెండవదానిలో ఫిల్టర్ ఉన్నా దానికి దక్కేది గుప్తలిపి మాత్రమే.

ముగింపు:
ఫిల్టర్ డ్రైవర్ స్వతహాగా దోషి కాదు. పరికరాన్ని అందుబాటులోకి తెచ్చిన శక్తే దాని రహస్యాన్నీ చూడగలదు. కనుక పౌరసేవల చరిత్రకారులు పథకం ప్రారంభమైన తేదీతోపాటు, ఏ కేంద్రంలో ఏ స్థాయి పరికరం ఎప్పుడు వచ్చిందో కూడా నమోదు చేయవలసి ఉంది. వేలు ఆనించిన మనిషికి దక్కిన రక్షణ ఎంతో ఆ వివరమే చెబుతుంది.