రెండో పాయలోని చదువు

హైస్కూలు పిల్లలందరూ యూనివర్సిటీ గడప తొక్కరు, తొక్కనివాళ్లకు బతుకుతెరువు చూపే చదువు వేరే ఉండాలి అని 1882లోనే హంటర్ కమిషన్ ఆలోచించింది. పై తరగతుల్లో ఒక పాయ యూనివర్సిటీ ప్రవేశ పరీక్ష వైపు, ఇంకో పాయ వ్యాపారం, చేతిపనుల వైపు సాగాలని సిఫారసు చేసింది. రెండో పాయలో నీళ్లు పారలేదు. గుమాస్తా కొలువుకి సర్కారు అడిగింది మొదటి పాయ చదువే. అప్పటి నుంచి ఇప్పటి దాకా వచ్చిన ప్రతి కమిషనూ ఆ రెండో పాయ గురించి బెంగపడుతూనే ఉంది.

తెలుగు నేల మాత్రం ఒక్కసారి ఆ బెంగకు సొంత జవాబు చెప్పింది. వందేమాతరం ఉద్యమపు వేడిలో 1910లో మచిలీపట్నంలో ఆంధ్ర జాతీయ కళాశాల వెలిసింది. కోపల్లె హనుమంతరావు, ముట్నూరి కృష్ణారావు, భోగరాజు పట్టాభి సీతారామయ్య దాని స్థాపకులు. పుస్తకాల చదువు చదివే కుర్రాడే మగ్గం మీదా కూర్చున్నాడు, వడ్రంగమూ నేర్చాడు. ప్రమోదకుమార్ చటర్జీ దగ్గర అడివి బాపిరాజు బొమ్మలు వేయడం నేర్చింది అక్కడే. జెండా వెంకయ్యగా పేరుపడిన పింగళి వెంకయ్య పాఠాలు చెప్పిందీ అక్కడే. అక్కడ చేతిపని చదువురానివాడి గతి కాదు, చదువుకున్నవాడికి గౌరవం. ఆ మాట మన విద్యాశాఖలు మళ్లీ అంత బలంగా ఎప్పుడూ చెప్పలేదని నా నమ్మకం.

1937 అక్టోబరులో వార్ధా సమావేశంలో గాంధీజీ నయీ తాలీం పేరుతో చేతివృత్తినే చదువుకు కేంద్రం చేయాలన్నారు. జాకీర్ హుసేన్ కమిటీ దానికి పాఠ్యక్రమం రాసింది. రాట్నం తిప్పుతూ లెక్కలు, పత్తి చేలో నిలబడి భూగోళం. ఆలోచన గొప్పదే. కానీ ఆ బడిలో తమ పిల్లల్ని వేయడానికి పట్టణాల పెద్దలు ముందుకు రాలేదు.

అసలు చిక్కు 1953లో మద్రాసు రాష్ట్రంలో బయటపడింది. ముఖ్యమంత్రి రాజాజీ పల్లె ప్రాథమిక పాఠశాలల్లో బడి వేళలు తగ్గించి, మిగిలిన పొద్దంతా పిల్లలు తల్లిదండ్రుల పని నేర్చుకోవాలన్నారు. బడులు చాలవు, రెండు పూటలు నడిపితే ఎక్కువమంది చదువుతారన్నది ఆయన వాదన. కానీ అది పల్లెలకు మాత్రమే. కుమ్మరి కొడుకు సారె దగ్గరికి, చాకలి కూతురు రేవుకి, మరి ప్లీడరు కొడుకు? ఇది కులవృత్తి చదువని పెరియార్ ద్రావిడ కళగం రోడ్డెక్కింది. 1954లో రాజాజీ దిగిపోయారు, కామరాజ్ వచ్చి పథకాన్ని ఎత్తేశారు. ఎత్తేయడమే న్యాయం. తాత చేసిన పని దగ్గరే మనవణ్ణి కట్టిపడేసే చదువును తల్లిదండ్రులు కాదంటే, అది వాళ్ల అజ్ఞానం కాదు. వృత్తి విద్య అనగానే పేదింటి తల్లికి నేటికీ కలిగే అనుమానానికి వేరు అక్కడుంది.

మొదలియార్ కమిషన్ సూచించిన బహుళార్థసాధక పాఠశాలలు వచ్చాయి, మెల్లగా మామూలు బడులైపోయాయి. తర్వాత వచ్చినవన్నీ లక్ష్యాలే. పదో తరగతి దాటినవారిలో సగం మంది 1986 నాటికి వృత్తి విద్యలో ఉండాలని కొఠారి కమిషన్ కోరింది. ఆ 1986లోనే వచ్చిన జాతీయ విద్యా విధానం 1990కి పది శాతం, 1995కి పాతిక శాతం అంది. 1992లో సవరించి గడువును మరో ఐదేళ్లు జరిపారు. 2020 నాటి విధానం 2025కల్లా కనీసం సగం మంది విద్యార్థులకు వృత్తి విద్య పరిచయం కావాలంది. గడువులు మారాయి గానీ, ఆ చదువు పూర్తిచేసిన పిల్లవాడు తర్వాత ఎక్కడికి వెళ్లాలన్న ప్రశ్నకు జవాబు ఎవరూ సరిగా రాయలేదు.

జవాబు ఉన్నచోట పిల్లలు వెళ్లారు. ఇంటర్ ఒకేషనల్‌లో మల్టీపర్పస్ హెల్త్ వర్కర్ కోర్సు చూడండి. రెండేళ్లు చదివి, సర్కారు ఆసుపత్రిలో ఏడాది అప్రెంటిస్ చేసిన అమ్మాయికి ఏఎన్‌ఎం పోస్టుకు అర్హత ఉంది. బీపీ చూడడం, టీకా వేయడం, బాలింతను కనిపెట్టుకుని ఉండడం నేర్చుకుంటుంది. ఆ తెల్లచీర వెనక ఒక ఉద్యోగం కనిపిస్తుంది కాబట్టి తండ్రి ధైర్యంగా చేర్పిస్తాడు. పాలిటెక్నిక్‌దీ అదే కథ. పదో తరగతి తర్వాత మూడేళ్ల డిప్లొమా, ఈసెట్ రాస్తే నేరుగా ఇంజనీరింగ్ రెండో ఏడు. పైకి మెట్టు ఉంది, అందుకే మంచి మార్కులొచ్చిన పిల్లలూ పాలీసెట్ రాస్తారు.

ఐటీఐ ఫిట్టర్ ట్రేడులో కొత్తగా చేరిన కుర్రాడు వైస్‌లో ఇనుపముక్క బిగించి, ఆకురాయితో రోజుల తరబడి అరగదీస్తాడు. మూలమట్టం ఆనించి వెలుతురుకేసి పట్టుకుంటే సందులోంచి గీతంత వెలుగు కూడా రాకూడదు. వస్తే మళ్లీ రుద్దాల్సిందే. ఆ ఓర్పు, ఆ కంటిచూపు ఏ ఎంట్రన్సు పరీక్షా కొలవదు. 1950 నుంచి దేశం ఈ శిక్షణ ఇస్తోంది. చాలాచోట్ల యంత్రాలు మాత్రం పరిశ్రమ ఎప్పుడో వదిలేసినవే. తెలంగాణ 2024లో టాటా టెక్నాలజీస్‌తో కలిసి 65 ఐటీఐలను అధునాతన కేంద్రాలుగా మార్చడానికి పూనుకోవడం అందుకే మంచి కబురు.

కానీ యంత్రం మారితే సరిపోదు. ఇంటర్ ఒకేషనల్ పిల్లవాడు ఇంజనీరింగ్ ఎంట్రన్సు వైపు రావాలంటే అదనంగా బ్రిడ్జి కోర్సు పేపర్లు రాసి నెగ్గాలి. పగలు ప్రాక్టికల్స్, రాత్రి ఫిజిక్స్. చాలా ఇళ్లలో ఆ రాత్రి చదువుకు ట్యూషనూ ఉండదు, చెప్పేవాళ్లూ ఉండరు. ఆ పేపర్లకు కాలేజీలోనే, పగటి వేళే, జీతమిచ్చి లెక్చరర్లను పెట్టాలి. 1882లో విడదీసిన రెండు పాయలను కలపడానికి మన ఇంటర్ బోర్డులు ఈ ఏడాదే చేయగలిగిన పని అది.