మ్యూజియంకెక్కిన మార్గరీటా

వాషింగ్టన్‌లో స్మిత్సోనియన్ సంస్థ నడిపే అమెరికా చరిత్ర మ్యూజియంలో లింకన్ టోపీ ఉంది, ఎడిసన్ బల్బు ఉంది, 1814లో బాల్టిమోర్ కోట మీద ఎగిరిన జెండా ఉంది. వాటితోపాటు ఒక పాత సాఫ్టీ ఐస్‌క్రీం యంత్రం కూడా ఉంది. 1971లో డాలస్‌లోని ఒక మెక్సికన్ రెస్టారెంటులో దాంట్లోంచి మార్గరీటా పట్టేవారు. 2005లో మ్యూజియం వాళ్లు దాన్ని కోరి తెచ్చుకున్నారు. అలాంటి చోట కల్లుదుకాణపు సామానుకేం పని అని ఊళ్లో మీరు ముక్కున వేలేసుకుంటారు. నేను మాత్రం ఈ దేశాన్ని అర్థం చేసుకోవడానికి అధ్యక్షుల జీవితచరిత్రల కంటే ఆ యంత్రమే ఎక్కువ సాయం చేస్తుందని నమ్ముతాను.

మార్గరీటా అంటే టెకీలా, నారింజ లిక్కర్, నిమ్మరసం కలిపి, గ్లాసు అంచుకు ఉప్పు అద్ది ఇచ్చే పానీయం. దాన్నే ఐసుతో కలిపి నూరి, జారుడు మంచులా చేస్తే ఫ్రోజెన్ మార్గరీటా. టెకీలా మెక్సికోదే, అందులో అనుమానం లేదు. నీలి అగావే అనే ముళ్లమొక్క ఏడెనిమిదేళ్లు పెరిగాక దాని దుంపను కాల్చి, రసం పులియబెట్టి బట్టీ పడతారు. హలిస్కో రాష్ట్రంలోనూ మరో నాలుగు రాష్ట్రాల్లో కొన్ని ప్రాంతాల్లోనూ తయారైతేనే దానికి ఆ పేరు పెట్టుకునే హక్కు. మార్గరీటాను మొదట కలిపింది మేమంటే మేమని తిహువానా, హువారెస్, అకాపుల్కో మూడూ చెప్పుకుంటాయి. అమెరికాలో మద్యనిషేధం నడిచిన 1920-33 మధ్య గొంతు తడుపుకోవడానికి సరిహద్దు దాటిన అమెరికన్లు టెకీలా రుచి మరిగారు. ఇక మంచుగా మారిన మార్గరీటా సంగతికొస్తే, అది అచ్చంగా డాలస్‌ది. నేనుంటున్న ఊరిది.

అది ఇక్కడే ఎందుకు పుట్టిందో తెలియాలంటే ముందు ఐసు గురించి చెప్పాలి. ఇక్కడ నడి చలికాలంలో మంచినీళ్లడిగినా గ్లాసు నిండా ఐసు పోసి ఇస్తారు. ఈ మోజు ఈనాటిది కాదు. పంతొమ్మిదో శతాబ్దంలో ఫ్రెడరిక్ ట్యూడర్ అనే బోస్టన్ వ్యాపారి మసాచుసెట్స్ చెరువుల మీద గడ్డకట్టిన ఐసును రంపాలతో కోయించి, రంపపు పొట్టులో కప్పి, ఓడలకెక్కించి దేశదేశాలకు అమ్మాడు. 1833లో అది కలకత్తా చేరింది, తర్వాత మద్రాసు. మెరీనా ఒడ్డున వివేకానందుడి పేరుతో ఇవాళ మీరు చూసే గుండ్రటి భవనం మొదట ఆ ఐసు దాచుకోవడానికి కట్టిన ఐస్‌హౌసే. మద్రాసు మనకూ రాజధానిగా ఉన్న కాలంలో అటు తిరిగిన తెలుగువాళ్లు అమెరికా చెరువు నీళ్లు కరిగిన చోటు పక్కనుంచే నడిచారన్నమాట.

డాలస్ ఉన్న టెక్సస్ రాష్ట్రానికి ఆ ఐసు అమెరికా అంతర్యుద్ధంతో ఆగిపోయింది. ఉత్తరాది నౌకాదళం దక్షిణాది రేవులను ముట్టడించింది. దాంతో ఫెర్డినాండ్ కారే అనే ఫ్రెంచివాడు కనిపెట్టిన ఐసు యంత్రాన్ని మెక్సికో మీదుగా శాన్ ఆంటోనియోకు చేరవేశారు. అలా ఈ ఎండల రాష్ట్రం ఐసును సొంతంగా చేసుకోవడం నేర్చింది. ఊరూరా ఐసు ఫ్యాక్టరీలు లేచాయి. 1927లో డాలస్‌లోని ఓక్ క్లిఫ్‌లో సౌత్‌లాండ్ ఐస్ కంపెనీ ఉద్యోగి ఒకాయన ఐసు కోసం వచ్చేవాళ్లకు పాలు, గుడ్లు, రొట్టె కూడా అమ్మసాగాడు. ప్రపంచమంతా పాకిన సెవెన్ ఎలెవెన్ దుకాణాల మొదలు అదే. తర్వాత కాన్సస్‌లో ఓమర్ నెడ్లిక్ అనే ఆయన కూల్‌డ్రింకును సగం గడ్డకట్టించే యంత్రం ఆలోచన చేస్తే, దాన్ని తయారుచేసిపెట్టింది డాలస్‌లో పత్తి జిన్నింగు యంత్రాలు, కారు ఏసీలు చేసే మిచెల్ కంపెనీ. 1960ల మధ్యలో ఆ యంత్రాలు సెవెన్ ఎలెవెన్‌లలోకి చేరాయి. పిల్లలు ఇష్టంగా పీల్చే ఆ రంగు మంచుకే స్లర్పీ అని పేరు. అది గుర్తుపెట్టుకోండి, కాసేపట్లో దానితో పని పడుతుంది.

రెండోది చట్టం. 1992లో దూబగుంట ఆడవాళ్లు సారా దుకాణాలు మూయించడం, 1995లో ఎన్టీఆర్ మద్యనిషేధం, 1997లో దాని సడలింపు మన కళ్లముందే జరిగాయి. చట్టం కాగితం మీద ఒకలా, వీధిలో ఇంకొకలా ఎలా బతుకుతుందో మనకు వేరే చెప్పక్కర్లేదు. అమెరికాలో 1933లో నిషేధం పోయినా, టెక్సస్‌లో బారు కౌంటరు మీద గ్లాసులో కలిపిన మందు అమ్మడం నేరంగానే మిగిలింది. సీసా కొనుక్కోవచ్చు, గ్లాసు కొనకూడదు! అందుకని జనం గోధుమరంగు కాగితం సంచిలో సీసా చుట్టుకుని హోటలుకు వచ్చేవాళ్లు. హోటలువాడు గ్లాసు, ఐసు, సోడా, నిమ్మచెక్క ఇచ్చి వాటికి మాత్రమే డబ్బు తీసుకునేవాడు. డబ్బున్నవాళ్లకు సభ్యత్వాల క్లబ్బులుండేవి. 1970 నవంబరులో ఓటర్లు రాజ్యాంగ సవరణకు ఒప్పుకున్నారు. 1971లో, స్థానిక ఓటింగులో సరేనన్న చోట్ల, గ్లాసులో మందు అమ్మకం మొదలైంది.

సరిగ్గా ఆ ఏడే 26 ఏళ్ల మారియానో మార్టినెస్ డాలస్‌లో రెస్టారెంటు తెరిచాడు. తండ్రిదీ హోటలే. అక్కడ సీసా తెచ్చుకున్నవాళ్లకు ఆ తండ్రి బ్లెండర్‌లో మార్గరీటా చేసిపెట్టేవాడు. ఆ పాళ్లనే కొడుక్కి ఇచ్చాడు. తెరిచిన వెంటనే జనం విరగబడ్డారు, అందరికీ మార్గరీటాయే కావాలి. బారు మనిషి ఒక్కో గ్లాసుకూ నిమ్మకాయలు కోసి, పిండి, కొలిచి, బ్లెండర్ తిప్పలేక చేతులెత్తేశాడు. తొందరలో పాళ్లు తప్పాయి, రుచి బాగాలేదని ఫిర్యాదులొచ్చాయి. మర్నాడు పొద్దున సెవెన్ ఎలెవెన్‌కు వెళ్లిన మారియానో కంట ఆ స్లర్పీ యంత్రం పడింది. గ్లాసు పెట్టి మీట లాగితే చాలు, ప్రతిసారీ అదే చిక్కదనం, అదే రుచి! ఆల్కహాలు గడ్డకట్టదని చుట్టూ ఉన్నవాళ్లు తీసిపారేశారు. అతను వాడేసిన సాఫ్టీ యంత్రమొకటి కొని, మిత్రుడితో కలిసి దాన్ని మార్చి, నీళ్లూ చక్కెరా పాళ్లు సరిచేసి 1971 మే 11న మొదటి గ్లాసు పట్టాడు.

నన్ను ఎక్కువగా కదిలించేది ఈ యంత్రం వెనకున్న మనుషుల కథ. 1910లో మొదలైన మెక్సికో విప్లవం నుంచి పారిపోయి వచ్చినవాళ్లు డాలస్‌లో లిటిల్ మెక్సికో అనే పేట కట్టుకున్నారు. మెక్సికన్లకు ప్రవేశం లేదని బోర్డులు తగిలించిన హోటళ్లు ఇదే టెక్సస్‌లో ఉండేవి. 1930ల ఆర్థిక మాంద్యంలో ఉద్యోగాలు చాలడం లేదని దేశవ్యాప్తంగా లక్షల మందిని మెక్సికోకు పంపేశారు. వాళ్లలో చాలామంది ఇక్కడ పుట్టిన పౌరులే. 1960లలో టోల్‌రోడ్డు వేస్తే అది లిటిల్ మెక్సికోను చీల్చుకుంటూ పోయింది. నేడు అక్కడ అద్దాల మేడలున్నాయి. అన్నిటినీ తట్టుకుని నిలబడింది వాళ్ల వంట. మెక్సికన్ చేతివంటను తినడానికి ముందుకొచ్చిన ఊరు ఆ చేతుల్ని పక్కన కూర్చోబెట్టుకోవడానికి చాలా ఏళ్లు తీసుకుంది. 1965 వలస చట్టం తెరిచిన తలుపులోంచి వచ్చిన మనం ఫ్రిస్కోలో గుడి కట్టుకుని, అర్వింగ్‌లో ఇడ్లీ హోటళ్లు పెట్టుకుని హాయిగా ఉన్నామంటే, మనకంటే ముందొచ్చినవాళ్లు పడ్డ పాట్లు తెలుసుకోవడం మన బాధ్యత అనుకుంటాను.

ఇక ఇంట్లో చేసుకునే పద్ధతి. అందరూ చేసే పని ఏమిటంటే, మిక్సీలో ఐసుగడ్డలు వేసి, మీద మందు పోసి తిప్పడం. అది నీళ్లగా అయిపోతుంది. టెకీలాలో 40 శాతం ఆల్కహాలుంటుంది కాబట్టి ఇంటి ఫ్రీజర్ చలికి, అంటే మైనస్ 18 డిగ్రీలకు, అది గడ్డకట్టదు. గది వేడిలో ఉన్న మందు, మిక్సీ బ్లేడు రాపిడి, రెండూ ఐసును కరిగిస్తాయి. అందుకే నేను ముందురోజే కలిపి పెడతాను. నలుగురికి టెకీలా 240 మిల్లీలీటర్లు, నారింజ లిక్కర్ 120, నిమ్మరసం 120, చక్కెరా నీళ్లూ సమంగా కరిగించిన పాకం 100, మంచినీళ్లు 500. జిప్ సంచిలో పోసి, గాలి తీసేసి రాత్రంతా ఫ్రీజర్‌లో పడుకోబెట్టాలి. నీళ్లు సన్నని పలుకులుగా గడ్డకడతాయి, ఆల్కహాలూ చక్కెరా వాటిని ఒకదానికొకటి అతుక్కోనివ్వవు. వడ్డించే ముందు చేత్తో పిసికినా సరిపోతుంది. మరీ నున్నగా కావాలంటే ఫ్రీజర్‌లో పెట్టి చల్లబరిచిన మిక్సీ జారులో నాలుగు సెకన్లు తిప్పాలి. గ్లాసులు కూడా ఫ్రీజర్‌లోనే ఉండాలి. చక్కెర తగ్గిద్దామని చూడకండి, తగ్గిస్తే ఇంకా గట్టిగా బిగుసుకుంటుంది. పైగా నాలుక చల్లబడితే తీపి తక్కువగా తెలుస్తుంది, కనుక గది వేడిలో రుచి చూసినప్పుడు కాస్త ఎక్కువ తియ్యగానే ఉండాలి. ఆ చల్లదనమూ తీపీ మందు ఘాటును దాచేస్తాయి. ఒక్కో గ్లాసులో ఎంత టెకీలా ఉందో తాగేవాళ్లకు ముందే చెప్పడం ఇంటివాళ్ల పని.

నిమ్మకాయ విషయంలో మాత్రం నేను రాజీపడను. పెద్ద సూపర్‌మార్కెట్లలో దొరికే గింజల్లేని మందతోలు కాయ పర్షియన్ నిమ్మ. దాని పులుపు మొద్దుగా ఉంటుంది. మెక్సికన్ దుకాణాలకు వెళ్తే వలసంచుల్లో చిన్నచిన్న కాయలుంటాయి. గూడూరు మార్కెట్లో మనం కొనే పలుచతోలు నిమ్మా అదీ ఒకే జాతి. ఆసియాలో పుట్టి, స్పెయిన్ వాళ్లతో మెక్సికోకు చేరింది. ఒకప్పుడు ఫ్లోరిడా దక్షిణాన విరివిగా పండించేవాళ్లు. 1926 తుపానుకు తోటలు దెబ్బతిన్నాక వాటి చోటును పర్షియన్ నిమ్మ ఆక్రమించింది. చిన్నకాయ పిండడానికి ఎక్కువసేపు పడుతుంది, గింజలు వడకట్టాలి. అయినా ఆ వాసన రావాలంటే అదే కావాలి. గ్లాసు అంచుకు రాళ్లుప్పు కచ్చాపచ్చాగా దంచి అద్దితే, సాల్టు నిమ్మసోడా తాగి పెరిగిన నాలుకకు ఈ రుచి కొత్తేమీ అనిపించదు.

మారియానో తన యంత్రానికి పేటెంటు తీసుకోలేదు. అందుకే ఎవరికి వాళ్లు చేసుకున్నారు, దేశమంతా పాకింది. డాలస్‌లో పెళ్లిళ్లకీ పుట్టినరోజులకీ ఇలాంటి యంత్రాలు అద్దెకిచ్చే దుకాణాలున్నాయి, ఇప్పుడు మన తెలుగిళ్ల వెనక పెరళ్లలోనూ అవి కనిపిస్తున్నాయి. రెండు డబ్బాల యంత్రమైతే ఒకదాంట్లో మందు లేకుండా నిమ్మరసం పోసి పిల్లలకీ పెద్దవాళ్లకీ ఇస్తారు. అలా చేసేటప్పుడు ఒక జాగ్రత్త: ఆల్కహాలు లేనప్పుడు గడ్డకట్టకుండా ఆపేది చక్కెర ఒక్కటే కాబట్టి లీటరుకు 140 గ్రాములకు తగ్గకుండా వెయ్యండి. లేకపోతే లోపల తిరిగే రెక్క ఐసులో ఇరుక్కుని మోటారు ఆగిపోతుంది.