మాట లేని మోసగాళ్లు



ప్రత్యేక సంచికకు ఏదైనా పాత సంగతి రాయమన్నారు. మూకీ సినిమాల్లో నవ్వించిన మోసగాళ్ల గురించి నాలుగు మాటలు మనవి చేస్తాను.

మోసగాడికి పెట్టుబడి నోరు. మూకీల్లో ఆ నోటికి పని లేదు. కళ్లతో, కాళ్లతో మోసం చేయాలి. చివరికి అవే అతణ్ణి పట్టిస్తాయి. నవ్వు పుట్టేది అక్కడే.

చార్లీ చాప్లిన్ తొలి చిత్రం ‘మేకింగ్ ఎ లివింగ్’ 1914 ఫిబ్రవరిలో వచ్చింది. అందులో ఆయనది టక్కరి వేషమే. ఒక విలేఖరి దగ్గర చేబదులు పుచ్చుకొని, తర్వాత అతని ఫోటోనే కాజేసి తనదని పత్రికకు ఇస్తాడు. 1921 నాటి ‘ది కిడ్’లో పిల్లవాడు రాయి విసిరి కిటికీ అద్దం పగలగొడతాడు. కాసేపటికి పెంపుడు తండ్రి చాప్లిన్ వీపున అద్దాలు కట్టుకొని, ఏమీ ఎరగనట్టు అదే వీధిలోకి వస్తాడు. మరో ఇంటి దగ్గర పిల్లవాడు రాయెత్తేసరికి వెనకాల పోలీసు!

ఆ 1921లోనే బెంగాల్‌లో ధీరేన్ గంగూలీ ‘బిలాత్ ఫేరత్’ అనే హాస్య మూకీలో నటించారు. తర్వాత మన హైదరాబాదులో లోటస్ ఫిలిం కంపెనీ పెట్టి ‘లేడీ టీచర్’, ‘మ్యారేజ్ టానిక్’ వంటివి తీశారు. 1924లో ‘రజియా బేగం’ ప్రదర్శించినందుకు నిజాం ఆగ్రహించి, రాజ్యం విడిచి పొమ్మన్నారు. హైదరాబాదులో మూకీ హాస్యానికి దొరికిన నీడ అలా పోయింది. 1975 సంవత్సరానికి ఆయనకు దాదాసాహెబ్ ఫాల్కే అవార్డు దక్కింది. ఈలోగా 1932లో ‘భక్త ప్రహ్లాద’తో తెర తెలుగు మాట్లాడింది. టక్కరికి మళ్లీ నోరొచ్చింది.

మా ఐరాల మండలంలోని కాణిపాకంలో అబద్ధపు ప్రమాణం చేయడానికి ఎంతటివాడైనా జంకుతాడు. నోటిమాటకు అంత విలువ ఇచ్చే మనం తియ్యని మాటకు తొందరగా లొంగిపోతాం. మూకీ టక్కరికి ముఖం ఉంది, గొంతు లేదు. ఇప్పుడు ఫోను చేసేవాడికి గొంతు ఉంది, ముఖం లేదు. ‘లైఫ్ సర్టిఫికెట్ ఆగిపోయింది, ఓటీపీ చెప్పండి సార్’ అంటాడు. అతని తొట్రుపాటు మనకు కనపడదు. నాకు తెలిసిన ఒక పెద్దాయన అలా చెప్పి, దాచుకున్న సొమ్ము పోగొట్టుకున్నారు. నలుగురూ నవ్వుతారని ఇంట్లో కూడా చెప్పలేదు.

సినిమాలో జనం మోసగాణ్ణి చూసి నవ్వారు. మనం మోసపోయినవాణ్ణి చూసి నవ్వుతున్నాం. ఇది న్యాయం కాదు. ఓటీపీ ఎవరికీ చెప్పకండి. సొమ్ము పోతే సిగ్గుపడక వెంటనే 1930కి ఫోను చేయండి. పిల్లలూ, పెద్దవాళ్లను ఆ సమయంలో కోప్పడకండి.