వ్యక్తియు నుదుటివ్రాతయు

మన యిండ్లలో నెవరికేని యాపద వాటిల్లినపుడు, విశేషించి యొక యాడుబిడ్డ చిన్నతనముననే భర్తను గోల్పోయినపుడు, 'దాని నుదుట నట్లు వ్రాసియున్నది' అను మాట నేటికిని వినవచ్చుచున్నది. ఓదార్పునకై పలికిన మాటయైనచో దానిని తప్పుపట్టనక్కఱలేదు. కాని యా మాటలో నొక సిద్ధాంతము దాగియున్నది. మనుష్యునకు జరుగునదంతయు నాతని స్వరూపములోనే ముందుగ నిమిడియున్నదా? లేక స్వరూపము వేఱు, దానికి వచ్చి చేరునది వేఱా? ఈ ప్రశ్నకు 17వ శతాబ్దిలో కాశిలో నొక సమాధానమును, ఐరోపాలో నింకొక సమాధానమును పుట్టినవి. కాశిలోని సమాధానమును బాలుర చేతికందించినవాడు మన తెలుగువాడే.

అన్నంభట్టు పేరు సంస్కృతపాఠశాలలో నడుగుపెట్టిన ప్రతివానికిని తెలియును. ఆయన తెలుగు బ్రాహ్మణుడు. గరికపాడు వారి స్వగ్రామమని వాడుక. కాశి చేరి యచటనే పండితుడై ప్రసిద్ధి గాంచెను. కాశికి బోయినంతమాత్రమున నెల్లవారును అన్నంభట్టులు కాజాలరని పండితులలో నొక సామెతయే పుట్టినదనిన నాయన ప్రతిష్ఠ యెట్టిదో యూహింపవచ్చును. పాణిని సూత్రములకు మితాక్షర యను వ్యాఖ్యను, కైయటుని ప్రదీపమునకు ఉద్ద్యోతనమును రచించెను. అయినను ఆయన పేరు నిలిపినవి యీ పెద్ద గ్రంథములు గావు. చేతిలో నిమిడిపోవు తర్కసంగ్రహమును, దానికి తానే వ్రాసికొనిన దీపికయును. బాలురకు సుఖముగ బోధపడుటకై వ్రాసితినని ఆయన చెప్పుకొనెను. బాలుర కొఱకు వ్రాయుట పండితుల కొఱకు వ్రాయుటకంటె కష్టమని బడిలో సుద్దముక్క పట్టిన మావంటివారికి వేఱుగ జెప్పనక్కఱలేదు. 1897లో బొంబాయినుండి అథల్యే, బోడసు పండితుల పరిష్కరణముగ వెలువడినదియు నీ పుస్తకమే.

అందు లోకములోని సమస్తమును ఏడు పదార్థములుగ విభజింపబడినది. మొదటిది ద్రవ్యము. పృథివి, జలము, తేజస్సు, వాయువు, ఆకాశము, కాలము, దిక్కు, ఆత్మ, మనస్సు అని ద్రవ్యములు తొమ్మిది. గుణములు ఇరువదినాలుగు, అవి ద్రవ్యమునందు సమవాయ సంబంధముచే నుండును గాని ద్రవ్యమే గుణము కాదు. ఇచట నొక చిక్కు గలదు. మా యిందూరు సీమలో చెఱకు వేయువారు ఒకే గడను ముక్కలుగ గోసి నాటుదురు. ఆ గడ కన్నులనుండి మొలచిన రెండు చెఱకులు ఒకే మడిలో, ఒకే నీటితో పెరిగినవనుకొందము. జాతి యొకటి, తీపి యొకటి. ఇది యది కాదనుట కేమి యాధారము? అవయవములు వేఱు గనుక అవయవులును వేఱని నైయాయికుడు చెప్పును. మఱి యా యవయవములో? 1937లో స్థాపితమై 2015లో మూతపడిన బోధను చక్కెర కర్మాగారమునందు ఆ చెఱకులను పిండి, కాచి, పలుకులు చేసినారనుడు. పలుకును నలిపి, నలిపినదానిని మఱల నలిపి, తుదకు భాగింపరాని పరమాణువుకడకు వచ్చితిమి. పరమాణువున కవయవములు లేవు. రెండు పార్థివ పరమాణువుల రూపరసగంధములలో భేదము లేదు. ఇక నవి రెండని యెట్లు తెలియును? దీనికై వైశేషికులు విశేషమను వేఱొక పదార్థమును కల్పించిరి. అది ప్రతి నిత్యద్రవ్యమునందును నొక్కొక్కటిగ నుండి దానిని తక్కినవానినుండి వేఱుపఱచును. తన్ను దానే వేఱుపఱచుకొనును. నవద్వీపమునందలి రఘునాథ శిరోమణి అన్నంభట్టుకంటె ముందే యీ కల్పనను త్రోసివేసెను. విశేషము తన్ను దానే వేఱుపఱచుకొనగలిగినపుడు పరమాణు వా పని యేల చేయజాలదని యాయన ప్రశ్న. అన్నంభట్టు మాత్రము పాత లెక్కనే నిలిపెను. మాకు రఘునాథుని పక్షమే సమంజసముగ దోచుచున్నది.

పరమాణువుల మాట యటుండనిండు. జీవుడును నిత్యద్రవ్యమే. ప్రతి శరీరమునందును జీవుడు వేఱని, నిత్యుడని, విభువని తర్కసంగ్రహము చెప్పుచున్నది. జ్ఞానము, సుఖము, దుఃఖము, ఇచ్ఛ, ద్వేషము, ప్రయత్నము, ధర్మము, అధర్మము, సంస్కారము ఆ జీవుని విశేషగుణములు. ఇవన్నియు పుట్టునవి, నశించునవి. ముక్తిలో నివి యన్నియు తొలగునని నైయాయికులనగా, అట్టి ముక్తి ఱాయి యగుటయే గదా యని యితర దర్శనములవారు పరిహసించిరి. పరిహాసమున కవకాశము లేకపోలేదు. కాని గుణము రాకముందును జీవుడు జీవుడే, అది పోయిన వెనుకను ఆ జీవుడే యను మాట యందులో స్థిరముగ నున్నది. శరీరముతో గూడుట సంయోగము, కలిసినది విడిపోవును. స్త్రీత్వపుంస్త్వములు శరీరమునకు గాని యాత్మకు గావు.

ఇక ఐరోపా. తన యునికికి మఱియొకదాని నపేక్షింపనిదే ద్రవ్యమని డెకార్టు 1644లో నిర్వచించెను. ఆ లక్షణమును పట్టువిడువక నడపిన స్పినోజా, అట్టి ద్రవ్య మొక్కటియే యుండజాలునని, అదియే యీశ్వరుడు లేక ప్రకృతి యని, మనమెల్లరము దాని యవస్థలమే యని తేల్చెను. అద్వైతము చెవిబడిన మనకిది వింత గాదు. ఆమ్‌స్టర్‌డాములోని యూదు సంఘమువారు మాత్రము విపరీత భావములు గలవాడని 1656లో నాతని వెలివేసిరి. ఆయన కళ్లద్దపు బిళ్లలు సానపట్టి జీవించెను. ఈ ఐరోపా భావములు మన దేశమునకు బొత్తిగ దూరములు గావు. బెర్నియే యను ఫ్రెంచి వైద్యుడు ఢిల్లీలో దానిష్మందుఖాను కొలువున నుండి డెకార్టు, గస్సెండీల మతములను పారసీకములో వినిపించెను. కాశిలో పండితుల గోష్ఠిని గూర్చుండెను. 1667లో మన గోలకొండను జూచెను.

స్పినోజాను 1676లో కలిసికొని సంభాషించినవారిలో లైబ్నిజు ఒకడు. వ్యక్తి యా యేకద్రవ్యములో కరగిపోవుట కాయన మనసొప్పలేదు. సర్వవిధముల సమములగు రెండు వస్తువులు సృష్టిలో లేవని యాయన పక్షము. హానోవరు రాజకుటుంబపు తోటలో నీ మాట విని యొక పెద్దమనిషి, సమానములగు రెండాకులను దెచ్చి చూపెదనని చాలసేపు వెదకి వట్టిచేతులతో వచ్చెనట. రఘునాథునికి వలెనే యాయనకును విశేషమను వేఱు పదార్థ మక్కఱలేదు. వస్తువే తన్ను వేఱుపఱచుకొనును. ఎట్లనగా, ప్రతి వ్యక్తికిని ఒక సంపూర్ణ భావము గలదు. ఆ వ్యక్తికి జరిగినది, జరుగుచున్నది, జరుగనున్నది సర్వమును అందే యిమిడియుండును. అలెగ్జాండరు భావమును చూచిన మాత్రమున, అతడు సహజముగ మరణించెనో విషముచేతనో ఈశ్వరునకు తెలియునని లైబ్నిజు 1686లో వ్రాసెను. మనవారి వ్రాత నుదుటిమీద నుండును. లైబ్నిజు మతమున వ్యక్తియే యా వ్రాత!

ఆ యేడే యీ సిద్ధాంతసారము ఆర్నో యను ఫ్రెంచి మతాచార్యునికి చేరెను. అప్పటికాయనకు డెబ్బదినాలుగేండ్లు. చదివి బెదరి, ఇది విధికంటెను కఠినమైన నిర్బంధమని యాక్షేపించెను. తరువాతి యుత్తరమున నాయన చూపిన దృష్టాంతము మన సంస్కర్తలకు కంఠస్థము కాదగినది. తాను వివాహమాడినను, బ్రహ్మచారిగ నుండినను తాను తానే యగును గనుక, ఆ రెండవస్థలలో నేదియు తన వ్యక్తిభావములో జేరినది గాదని యాయన వాదము. లైబ్నిజు తగ్గలేదు. వివాహమాడిన యార్నో యీ యార్నో కాడు, సంభవింపదగిన మఱియొకడని యాయన బదులు. జరుగనున్నది నిశ్చితమే గాని యనివార్యము కాదని కూడ చెప్పెను. దాని విపరీతము నూహించుటలో విరోధము లేదు గనుక. సూక్ష్మమైన భేదమే. కాని గదిలో మూల గూర్చున్న పదియాఱేండ్ల పిల్లకు దానివలన నేమి యొఱిగినది? ఆమె మఱల వివాహమాడినచో ఆమె ఆమెయే కాదని యీ మతమునకు ఫలితము. అన్నంభట్టు లెక్కనో, ఆమె యామెయే. వైధవ్యము ఆత్మగుణములలో లేదు. విడిపోయిన సంయోగ మొకటి మాత్రము.

అధర్మ మాత్మగుణమే గదా, పూర్వజన్మపు అధర్మమే వైధవ్యమునకు కారణము గదా యని పెద్దలడుగుదురు. నైయాయికు లదృష్టమును కారణములలో జేర్చుట నిజమే. అయితే వారు దానిని కార్యమాత్రమునకు సాధారణకారణమనిరి. ఈశ్వరుడు, కాలము, దిక్కు వలెనే. కుండకును అదియే, గుడ్డకును అదియే. అన్నిటికిని కారణమైనది యీ యొక్క కార్యమున కేల వాటిల్లెనో చెప్పజాలదు. అందులకు జ్వరమో, పామో, ముదుసలికి పిల్లనిచ్చిన తండ్రి లోభమో యసాధారణకారణమును వెదకవలెను. పైగా వైధవ్యమున కదృష్టము కారణమైనచో పునర్వివాహమునకును అదృష్టమే కారణము. ఒకదానిని విధియని తలవంచి, రెండవదానిని దోషమని తలుపు మూయుట యే శాస్త్రము?

లైబ్నిజు ఆర్నోల యుత్తరములు 1846 వఱకును అచ్చుపడలేదు. పదేండ్లకు, 1856లో, మన దేశమున ఆంగ్లపాలిత భాగమందు వితంతు వివాహ శాసనము వచ్చెను. 1881 డిసెంబరు 11న రాజమహేంద్రవరమున వీరేశలింగం పంతులుగారు మొదటి వితంతు వివాహమును జరిపించిరి. ఆ దినములలో వాదము ప్రధానముగ పరాశరస్మృతి శ్లోకముయొక్క యర్థముమీద నడచెను. ఆ వాదమునకు గూర్చుండిన తార్కికులు, ఏ పక్షమువారైనను, జీవుడు ప్రతి శరీరమునకు వేఱను పాఠమును చిన్ననాడు వల్లించినవారే.