కత్తెర పట్టినా ‘కూర్పు’

తెలుగు సినిమా టైటిళ్లలో ఎడిటర్ పేరు పక్కన కనిపించే ‘కూర్పు’ను ఇంగ్లీషు మాటకు మొక్కుబడి అనువాదం అనుకుంటాం. కానీ ఆ మాట కూర్చడం నుంచి వచ్చింది. దండ కూర్చినా, పద్యం కూర్చినా అదే క్రియ. పాత పుస్తకాల మీద ‘రెండవ కూర్పు’ అని అచ్చయింది కూడా ఇదే. హాలీవుడ్ తొలినాళ్లలో ఈ పనివాళ్లను కట్టర్లన్నారు. అక్కడ కోతకు పేరొస్తే, ఇక్కడ అతుకుకు వచ్చింది. ఇదే పనికి సంస్కృతం నుంచి తెచ్చుకున్న ‘సంకలనం’ లెక్కల్లో కూడిక. తమిళుల ‘పడత్తొగుప్పు’లోనూ పోగుచేయడమే ఉంది.

ఎడిటర్ పనంతా తీసేయడమే కదా, ఈ పేరు అసలు పనిని దాచేస్తుంది కదా అనొచ్చు. నిజమే, తీసిన ఫిల్ములో ఎక్కువ భాగం తెర ఎక్కదు. అయితే దండ కట్టేవారూ కాడలు తుంచుతారు. ఆ పనిని తుంచడం అనం. సెకనుకు 24 ఫ్రేముల్లో రెండు తీసేసి, ఒకరి చూపు పక్కన మరొకరి ముఖం పెడితే, ఏ ఒక్క షాట్‌లోనూ లేని అనుమానం ప్రేక్షకుడికి పుడుతుంది. అది కోతలో లేదు, పొరుగులో ఉంది. ఎడిటింగ్ గదిలో పనిచేసి దర్శకుడైన ఆదుర్తి సుబ్బారావుకు ఆ గది ఇచ్చిన చదువు ఇదే అయివుంటుంది. ఇక వాడుక సంగతి: టీవీ డెస్కులో ‘కూర్పు చెయ్యి’ అనేవారు లేరు, ‘కట్ చెయ్యి’ అంటారు. మాట టైటిల్ కార్డుకే మిగిలింది.