పొలంలో జామాయిల్... గుజ్జుకా? ప్లైవుడ్‌కా?
చెట్టు లావే ధరకు కొలమానం * తొందరపడి నరికితే రైతుకే నష్టం

భద్రాచలం: సత్తుపల్లి, అశ్వారావుపేట, పాల్వంచ వైపు పొలాల్లో నరికిన జామాయిల్ కర్ర లారీలకెక్కి బూర్గంపాడు మండలం సారపాకలోని కాగితపు కర్మాగారానికి చేరుతుంది. ఖమ్మం, కొత్తగూడెం, భద్రాచలం దుకాణాల్లోకి వచ్చే ప్లైవుడ్‌లో చాలా భాగం హర్యానా, కేరళ, గుజరాత్ వంటి దూర రాష్ట్రాల నుంచి వస్తుంది. విశేషమేమంటే ఆ పలకల లోపలి పొరల్లో తరచుగా ఉండేదీ జామాయిలే. ఇక్కడి రైతు బరువు లెక్కన గుజ్జుకు అమ్మిన జాతి కర్రే, అక్కడ పొరలుగా మారి చదరపు అడుగు లెక్కన తిరిగి వస్తోంది. ఈ రెండు దారులనూ వేరుచేసేది చెట్టు లావు, రైతు ఆగగలిగిన కాలం. ఖమ్మం, భద్రాచలం అటవీ సరిహద్దులో కలప సాగు, ప్లైవుడ్ తయారీ, వాడకం, వ్యాపారం తీరుతెన్నులు ఇవి.

అడవి నుంచి పొలానికి...

ఒకప్పుడు ఈ ప్రాంతంలో కలప అంటే అడవి కలపే. మన్యంలో నరికిన టేకును తెప్పలుగా కట్టి గోదావరిలో రాజమహేంద్రవరం వైపు దింపేవారు. 1975లో ఏర్పడిన భద్రాచలం పేపర్‌బోర్డ్స్ సంస్థ 1979లో సారపాకలో ఉత్పత్తి ప్రారంభించింది. 2002లో అది ఐటీసీలో విలీనమైంది. తొలినాళ్లలో ఈ ప్రాంత కాగితపు పరిశ్రమకు ప్రధాన ముడిసరుకు అడవి వెదురు. వెదురు తరిగిపోవడం, అడవుల నరికివేతపై ఆంక్షలు పెరగడంతో పరిశ్రమలు పొలాల వైపు చూడక తప్పలేదు.

1988 నాటి జాతీయ అటవీ విధానం ఈ మార్పునకు ముద్ర వేసింది. అటవీ ఆధారిత పరిశ్రమలు తమకు కావలసిన ముడిసరుకును రైతులతో నేరుగా సంబంధం పెట్టుకుని పండించుకోవాలని, అడవి కలపను రాయితీ ధరకు ఇచ్చే పద్ధతి పోవాలని ఆ విధానం చెప్పింది. సారపాకలో 1989లో క్లోన్ మొక్కలపై పరిశోధన మొదలైంది. మేలైన చెట్టును ఎంపిక చేసి, దాని కొమ్మ ముక్కలకు వేర్లు తొడిగించి మొక్కలు తయారు చేయడమే ఈ పద్ధతి. 1992 నుంచి ఇవి రైతులకు అందాయి. విత్తనం ద్వారా పెంచిన జామాయిల్ తోటలు హెక్టారుకు ఏడాదికి సుమారు 6 నుంచి 10 ఘనపు మీటర్ల కలప ఇస్తే, క్లోన్ తోటలు 20 నుంచి 25 ఘనపు మీటర్ల వరకు ఇచ్చాయి. ‘భద్రాచలం క్లోన్లు’ అన్న పేరు దేశమంతటా పాకింది. అటవీ అభివృద్ధి సంస్థ కూడా ఉమ్మడి జిల్లాలో వేల ఎకరాల్లో జామాయిల్ తోటలు పెంచింది. ఆ విధంగా ఈ ప్రాంతం కలప పంటకు కేంద్రమైంది. అయితే ఆ పంటంతా గుజ్జును దృష్టిలో పెట్టుకుని రూపొందినదే.

ప్లైవుడ్ ఎలా తయారవుతుంది?

చెరకు గడపై తొక్క చుట్టూ తిప్పి తీసినట్లు, తిరిగే దుంగకు పొడవాటి కత్తిని ఆనించి పలుచని పొర తీస్తారు. ఈ పొరనే వెనీర్ అంటారు. పొరలను ఆరబెట్టి, జిగురు పూసి, ఒకదాని నార నిలువుగా ఉంటే తర్వాతి దాని నార అడ్డంగా ఉండేలా పేరుస్తారు. పొరల సంఖ్య సాధారణంగా బేసి. అలా పేర్చిన దొంతరను వేడి ప్రెస్సులో అదిమితే పలక సిద్ధమవుతుంది. నిలువు, అడ్డం పొరలు ఒకదానినొకటి పట్టి ఉంచడం వల్ల మామూలు చెక్కలా వంకర పోవడం, పగలడం తగ్గుతుంది. లోపలి పొరలను కోర్ అని, పైకి కనిపించే పొరను ఫేస్ అని అంటారు. కోర్‌కు జామాయిల్, పోప్లర్, రబ్బరు కర్ర వంటివి సరిపోతాయి. ఫేస్‌కు మాత్రం మచ్చలు, ముడులు లేని లావుపాటి దుంగలు కావాలి.

దేశంలో మారిన చిత్రం

మన దేశంలో ఈ పరిశ్రమ అస్సాంలో తేయాకు పెట్టెల కోసం మొదలైంది. చాలా కాలం ఈశాన్య రాష్ట్రాల అడవులే దానికి ఆధారం. 1996 డిసెంబరు 12న గోదావర్మన్ కేసులో సుప్రీంకోర్టు ఇచ్చిన ఉత్తర్వు ఆ పరిస్థితిని తలకిందులు చేసింది. ఈశాన్యం నుంచి కలప తరలింపు నిలిచింది. అక్కడి వెనీర్, ప్లైవుడ్ మిల్లులు పెద్ద సంఖ్యలో మూతపడ్డాయి. ఆ తర్వాత పరిశ్రమ రైతు పొలాలున్న చోటికి కదిలింది. హర్యానాలోని యమునానగర్ పోప్లర్, జామాయిల్‌తో, కేరళలోని పెరుంబవూరు రబ్బరు కర్రతో ఎదిగాయి. గుజరాత్‌లో కాండ్లా రేవు పక్కనున్న గాంధీధామ్ దిగుమతి దుంగలకు కేంద్రమైంది.

ఫేస్ పొరకు పేరుపొందిన గుర్జన్ దుంగలు మయన్మార్ నుంచి వచ్చేవి. 2014 ఏప్రిల్ 1 నుంచి ఆ దేశం దుంగల ఎగుమతిని నిషేధించింది. ఆఫ్రికాలోని గాబన్ 2010లోనే ఈ పని చేయడంతో మన వ్యాపారులు కొందరు అక్కడే వెనీర్ యూనిట్లు పెట్టుకుని పొరలను దిగుమతి చేసుకుంటున్నారు. అడవి దుంగ ఎక్కడైనా కరవవుతోంది. పొలం దుంగకు గిరాకీ పెరుగుతోంది. ఈ పరిణామం ఖమ్మం రైతుకు కూడా సంబంధించినదే.

మన్యం నేర్పిన పాఠం

భద్రాచలం నుంచి చింతూరు, మారేడుమిల్లి మీదుగా వెళితే వచ్చే రంపచోడవరం ప్రాంతంలో ప్లైవుడ్ చరిత్ర చేదుగా సాగింది. అక్కడి కర్మాగారం కోసం అడవి మామిడి చెట్లను నరకడంపై 1980వ దశకంలో గిరిజనులు ఆందోళనకు దిగారు. వ్యవహారం న్యాయస్థానం వరకు వెళ్లింది. మిల్లు కంటికి మామిడి మాను లావైన దుంగ. కొండరెడ్లకు అది వేసవి ఆహారం. పండు తిని, టెంక లోపలి జీడిని నానబెట్టి, పిండి చేసి అంబలి కాచుకునే కుటుంబాలకు ఆ చెట్టు బతుకుతెరువు. ప్లైవుడ్‌కు అడవిని ఆధారం చేసుకుంటే ఎవరి కంచం ఖాళీ అవుతుందో ఆ ఉదంతం చూపింది. మిల్లు పెట్టాలంటే ముందు పొలాల్లో కలప ఉండాలన్నదే అందులోని పాఠం.

లావు లెక్క ఇదీ...

గుజ్జు మిల్లుకు కర్ర లావుతో పెద్దగా పని లేదు. ముక్కలు చేసి ఉడికించేదే కాబట్టి తూకమే ప్రధానం. అందుకే రైతులు మొక్కలను దగ్గరగా నాటి నాలుగేళ్లకు నరుకుతారు. మోడు నుంచి వచ్చే పిలకలను పెంచి మరో రెండు మూడు కోతలు తీస్తారు. వరుసల మధ్య 3 మీటర్లు, మొక్కల మధ్య 2 మీటర్లు పెడితే ఎకరాకు సుమారు 670 మొక్కలు పడతాయి. చెట్లు ఇంత దగ్గరగా ఉంటే పొడవు పెరుగుతాయి గానీ లావు త్వరగా ఎక్కవు.

ప్లైవుడ్ మిల్లుకు లావే ప్రాణం. పొర తీయగా చివరకు నడిమి కర్ర మిగిలిపోతుంది. అది రెండు అంగుళాల మందం ఉంటుందనుకుంటే, 12 అంగుళాల చుట్టుకొలత గల దుంగలో నాలుగో వంతుకు పైగా అలా పోతుంది. అదే 18 అంగుళాల దుంగలో పోయేది ఎనిమిదో వంతు మాత్రమే. మొత్తం కలప చూసినా, ఒకే పొడవున్న 12 అంగుళాల దుంగ కంటే 18 అంగుళాల దుంగలో రెండుంపావు రెట్లు ఎక్కువ ఉంటుంది. లావుపాటి దుంగకు మిల్లు ఎక్కువ ధర పెట్టడానికి కారణం ఇదే. సన్న దుంగ నుంచి కూడా పొర తీసే స్పిండిల్ లేని యంత్రాలు వచ్చాక నడిమి కర్ర నష్టం తగ్గింది. అయినా లావుకున్న విలువ పోలేదు.

ఆ లావు రావాలంటే చెట్టు ఆరు నుంచి ఎనిమిదేళ్లు నిలవాలి. మొక్కల మధ్య దూరం పెంచాలి. లేదా నాలుగో ఏట బక్క చెట్లను తీసి గుజ్జుకు అమ్మి, బలమైన వాటిని ఉంచాలి. ఈ రెండో పద్ధతిలో రైతుకు మధ్యలో కొంత సొమ్ము చేతికొస్తుంది. నరికిన జామాయిల్ దుంగ ఎండకు ఉంటే చివరలు పగులుతాయి. కాబట్టి ప్లైవుడ్‌కు పంపే కర్ర పచ్చిగా ఉండగానే మిల్లు చేరాలి. దూరం పెరిగే కొద్దీ కిరాయితో పాటు ఈ నష్టమూ పెరుగుతుంది. యమునానగర్ ధర విని ఇక్కడి రైతు ఆశపడినా ప్రయోజనం లేకపోవడానికి కారణం ఇదే.

అన్నిటికంటే పెద్ద అడ్డంకి ఆగలేకపోవడం. రెండు మూడెకరాల గిరిజన రైతుకు పిల్ల పెళ్లి, ఆసుపత్రి ఖర్చు, పాత అప్పు ముందుకొస్తే చెట్టు వయసు చూసే వీలుండదు. నిలబడిన తోటను దళారికి గుత్తగా మాట్లాడేస్తే చెట్ల లావు లెక్కలోకే రాదు. అలాంటి కుటుంబాలకు పొలమంతా కాకుండా గట్ల వెంట ఒకటి రెండు వరుసలు నాటుకోవడం మేలు. పంట భూమి పంటకే ఉంటుంది. చెట్టు అక్కర వచ్చే దాకా ఆగుతుంది.

కొనేవాడు ఒక్కడైతే...

మంగపేట మండలం కమలాపురంలోని రేయాన్ గుజ్జు కర్మాగారం 2014లో మూతపడింది. గోదావరి తీర రైతులకు ఒక పెద్ద కొనుగోలుదారు తగ్గిపోయాడు. ఆ తర్వాత సారపాక, రాజమహేంద్రవరం కాగితపు మిల్లులే ప్రధాన ఆధారం. మిల్లు కొనుగోలు వేగం తగ్గితే నరికిన కర్ర పొలంలోనే ఆరి తూకం కోల్పోతుంది. 2000వ దశకంలో వచ్చిన ఆకుబుడిపె పురుగు జామాయిల్ రైతులను దెబ్బతీసినప్పుడు ఒకే జాతిపై ఆధారపడటంలోని ప్రమాదం తెలిసింది. కొనేవాడూ ఒక్కడే, నాటే జాతీ ఒక్కటే అయితే బేరమాడే శక్తి రైతుకు ఉండదు. ప్లైవుడ్ దారి తెరుచుకోవాలని కోరడంలోని ఆంతర్యం ఇదే. మలబారు వేపను కొందరు రైతులు ప్లైవుడ్ కోసమే నాటుతున్నారు. అయితే చుట్టుపక్కల కొనే మిల్లు ఉందో లేదో తేల్చుకున్నాకే అటు మళ్లడం క్షేమం.

కొనుగోలుదారులు చూడాల్సినవి

పట్టణాల్లో ప్లైవుడ్ వాడకం మూడు రకాలు. అల్మరాలు, మంచాలకు తేమను ఓ మోస్తరు తట్టుకునే ఎంఆర్ రకం. వంటగది వంటి తడి చోట్లకు నీటిని తట్టుకునే బీడబ్ల్యూఆర్ రకం. స్లాబు సెంట్రింగ్‌కు షటరింగ్ ప్లై. మొదటి రెండింటికీ ఐఎస్ 303, సెంట్రింగ్ పలకకు ఐఎస్ 4990, మెరైన్ రకానికి ఐఎస్ 710 ప్రమాణాలున్నాయి. ఇల్లు కట్టేవారు పలక మీద ఐఎస్ఐ గుర్తు, ప్రమాణం సంఖ్య, లైసెన్సు సంఖ్య మూడూ చూసుకోవాలి. ప్లైవుడ్‌కు ఈ గుర్తును తప్పనిసరి చేసే కేంద్ర ఉత్తర్వు 2025లో అమలులోకి వచ్చింది. 2017 జులైలో జీఎస్టీ మొదలైనప్పుడు ప్లైవుడ్‌పై 28 శాతం పన్ను పడింది. అదే ఏడాది నవంబరులో దాన్ని 18 శాతానికి తగ్గించారు.

అనుమతులు తప్పనిసరి

వెనీర్, ప్లైవుడ్ యూనిట్లకు ఇష్టం వచ్చినట్లు అనుమతి ఇవ్వడానికి వీల్లేదని 2002 అక్టోబరులో సుప్రీంకోర్టు ఆదేశించింది. 2016లో కేంద్రం మార్గదర్శకాలు తెచ్చి ఈ అధికారాన్ని రాష్ట్రస్థాయి కమిటీలకు ఇచ్చింది. చుట్టుపక్కల చట్టబద్ధమైన కలప ఎంత దొరుకుతుందో తేలిన తర్వాతే లైసెన్సు. అడవిని ఆనుకుని ఉన్న ఈ ప్రాంతానికి ఆ జాగ్రత్త అవసరమే. మిల్లు ఆకలి పొలం తీర్చలేకపోతే గొడ్డలి అడవి వైపు తిరుగుతుంది.

చెట్టు నరికే ముందు వాల్టా చట్టం, తరలించే ముందు అటవీ రవాణా నిబంధనలు చూసుకోవాలి. జామాయిల్, సుబాబుల్, సరుగుడు వంటి వాటికి మినహాయింపులున్నా మిగతా జాతులకు అటవీ కార్యాలయంలో విచారించడం తప్పదు. 2014లో పోలవరం ముంపు మండలాలు ఆంధ్రప్రదేశ్‌లో కలిశాక భద్రాచలం పట్టణాన్ని ఆనుకునే రాష్ట్ర సరిహద్దు వచ్చింది. ఎటపాకలో అడుగుపెడితే రాష్ట్రం మారుతుంది. ఛత్తీస్‌గఢ్, ఒడిశా కూడా దగ్గరే. రాష్ట్రాల మధ్య కలప రవాణాకు 2023లో జాతీయ రవాణా పాసు విధానం వచ్చింది. ఏజెన్సీలో 1/70 చట్టం ప్రకారం గిరిజనుడి భూమిని గిరిజనేతరులు కౌలుకు తీసుకోవడమూ చెల్లదు. తోట పేరుతో కాగితాలు రాయించుకునేవారి పట్ల జాగ్రత్త అవసరం.

వెదురుకూ ఒక దారి

దుంగతో పని లేని పలక కూడా ఉంది. వెదురు బద్దలతో అల్లిన చాపలకు జిగురు పట్టించి ప్రెస్సులో అదిమి బోర్డు చేసే పద్ధతిని బెంగళూరులోని ప్లైవుడ్ పరిశోధన సంస్థ రూపొందించింది. దీనికి ఐఎస్ 13958 ప్రమాణం ఉంది. 2006 అటవీ హక్కుల చట్టం వెదురును చిన్నతరహా అటవీ ఉత్పత్తిగా గుర్తించింది. పొలంలో పెంచే వెదురును 2017లో చెట్టు నిర్వచనం నుంచి తొలగించారు. తట్టలు, బుట్టలు, తడికలు అల్లే చేతులు మన్యంలో ఉన్నాయి. చాప అల్లిక ఇంటి వద్ద, ప్రెస్సు ఒకచోట పెడితే సాగే పని ఇది.

రైతు చేయవలసింది...

* నాటే ముందే కర్ర గుజ్జుకా, ప్లైవుడ్‌కా తేల్చుకోవాలి. మొక్కల దూరం దాన్నిబట్టే ఉంటుంది.
* అమ్మే ముందు తోటలో చెట్ల చుట్టుకొలత రొమ్ము ఎత్తులో టేపుతో కొలిచి రాసుకోవాలి.
* లావు దుంగ, సన్న కర్ర వేరు చేసి విడివిడిగా బేరమాడాలి.
* నరకడానికి ముందే కొనుగోలుదారుతో ధర, తూకం రోజు ఖాయం చేసుకోవాలి.
* పదిమంది రైతులు కలిసి లారీ లోడు చేస్తే కిరాయి, దళారీ ఖర్చు రెండూ తగ్గుతాయి.

నాలుగేళ్ల చెట్టుకు, ఏడేళ్ల చెట్టుకు మధ్య తేడా మూడేళ్ల ఓపిక. ఆ ఓపిక పట్టే స్తోమత చిన్న రైతుకు దక్కాలంటే నిలబడిన తోటపై బ్యాంకు రుణం, దగ్గరలో లావును బట్టి ధర కట్టే కొనుగోలు కేంద్రం ఉండాలి. అవి లేనంత కాలం ఇక్కడి కర్ర బరువుకు పోయి, అక్కడి పలక లావుకు రావడం ఆగదు.