మత్తును తామే చిత్రించుకున్నవాళ్లు

మత్తుకు బానిసైన మనిషి తన కథ తనే చెప్పుకోవడం కెమెరాతో మొదలవలేదు. తన నల్లమందు అలవాటు గురించి థామస్ డి క్విన్సీ 1821లోనే లండన్ మ్యాగజైన్‌లో రాశాడు. ఫ్రెంచి కవి కాక్తో అదే నల్లమందు మానడానికి చికిత్స చేయించుకుంటూ బొమ్మలు గీశాడు, డైరీ రాశాడు. అది 1930లో పుస్తకమైంది. కానీ రాయాలంటే చెయ్యి కాస్తయినా కుదురుగా ఉండాలి. కెమెరాకు ఆ పట్టింపు లేదు, వణుకునూ పట్టుకుంటుంది.

షర్లీ క్లార్క్ 1961లో తీసిన ‘ది కనెక్షన్’ కల్పితమే అయినా ఈ దారిలో దాన్ని తప్పించుకుని పోలేం. న్యూయార్క్‌లో ఒక గది. హెరాయిన్ తెచ్చేవాడి కోసం కొందరు ఎదురుచూస్తుంటారు, వాళ్లలో జాజ్ వాద్యగాళ్లూ ఉన్నారు. వాళ్లను చిత్రించడానికి ఒక దర్శకుడు వస్తాడు. రుచి చూడకుండా మా గురించి నీకేం తెలుస్తుందని వాళ్లు అతన్ని నిలదీస్తారు. అతనూ తీసుకుంటాడు. చివరికి ఆ సినిమాను ఒక కొలిక్కి తెచ్చేది అతను కాదు, అతని కెమెరామన్. (న్యూయార్క్ సెన్సారు పట్టుకున్నది మాత్రం పాత్రలు హెరాయిన్‌కు వాడే బూతుమాటను. క్లార్క్ పక్షం కోర్టుకెక్కి గెలిచింది.)

మత్తులో ఉన్నవాడు తీసిన ముక్కలను అతికించేదెవరు? క్యామ్‌కార్డర్ వచ్చి ఎవరికి వారు తీసుకోగలిగాక ఈ ప్రశ్న ప్రాణం మీదికి వచ్చింది. ఇంగ్లండ్‌లో బెన్ అనే యువకుడు సూది గుచ్చుకోవడం, మానాలని పడ్డ పాట్లు అన్నీ తనే వీడియో తీసుకున్నాడు. 2008లో అది ‘బెన్: డైరీ ఆఫ్ ఎ హెరాయిన్ అడిక్ట్’గా వచ్చేసరికి అతను లేడు. గొంతు అతనిదే, కత్తెర మరొకరిది. నన్ను ఎక్కువగా కలచివేసేది అదే.

ఫొటోగ్రాఫర్ నాన్ గోల్డిన్ కత్తెర తన చేతిలోనే ఉంచుకుంది. మణికట్టు శస్త్రచికిత్స తర్వాత డాక్టరు రాసిచ్చిన ఆక్సీకాంటిన్ అనే నొప్పి మాత్రలకు అలవాటుపడి, 2017లో బయటపడింది. పాత పెట్టెల్లోంచి మసకబారిన స్లైడ్లు, 1980ల నాటి ఆన్సరింగ్ మెషీన్ టేపులు వెలికితీసి ‘మెమరీ లాస్ట్’ అనే స్లైడ్‌షో కూర్చింది. అంతటితో ఆగలేదు. ఆ మాత్రలు చేసిన పర్డ్యూ కంపెనీకి అప్పటి యజమానులు శాక్లర్ కుటుంబం. న్యూయార్క్ మెట్రోపాలిటన్ మ్యూజియంలో వాళ్ల పేరున్న విభాగానికి 2018 మార్చిలో తోటివాళ్లతో వెళ్లి, అక్కడి కొలనులో నారింజరంగు మాత్రల సీసాలు విసిరింది. 2021 డిసెంబరులో మ్యూజియం ఆ పేరు తొలగిస్తున్నట్టు ప్రకటించింది.